గండి పడలేదు, కొట్టినాం

నెల్లూరు ట్రంకు రోడ్డులో ఖాదర్ మొహిద్దీన్‌కి ఒక ఫొటో స్టూడియో ఉండేది. పెళ్ళి జంటలు, చంటిపిల్లలు, దరఖాస్తులకు అంటించే ముఖాలు, అన్నీ తీసేవాడు. పనిమంతుడని పేరు. ఎదుటి మనిషిని బిగుసుకుపోనివ్వకుండా కబుర్లలో పెట్టి, వాళ్ళు తమను తాము మరిచిపోయి నవ్వినప్పుడు నొక్కేవాడు. అయినా ఆయనకొక వెలితి. కుర్చీలో కూర్చుని మనుషులు చెప్పే కబుర్లు ఫొటోలో పడవు. వెనక గదిలో నెగెటివ్‌ల మీద సన్నటి కుంచెతో మెరుగులు దిద్దే భార్య నూర్జాన్‌తో ఆ మాటే అనేవాడు. "ఇంతసేపు ఆయన చెప్పిందంతా విన్నావా? ఫొటోలో చూడు, మూగవాడిలా ఉన్నాడు."

ఆ రోజుల్లో ప్రభుత్వ ప్రచార వ్యాను ఊళ్ళకు వచ్చి, తెల్లగుడ్డ కట్టి సినిమాలు చూపించేది. ఒకసారి వెంకటాచలంలో పెళ్ళికి ఫొటోలు తీయడానికి పోయినప్పుడు ఖాదర్ కూడా ఆ బొమ్మ చూశాడు. ఎక్కడిదో పెద్ద ఆనకట్ట. ఎవరో తలపాగాలవాళ్ళు గోధుమ కోస్తున్నారు. గంభీరమైన గొంతు ఒకటి పుస్తకాల తెలుగులో రైతులేం చేయాలో చెబుతోంది. జనం మర్యాదగా కూర్చుని చూశారు. అయిపోయాక పక్కనున్న ముసలాయన పైగుడ్డ దులుపుకుంటూ, "బాగానే ఉండాది. మన పక్కకు వచ్చి తీయరా అబ్బయా?" అని అడిగాడు, ఖాదర్ ఆ సినిమా వాళ్ళ మనిషి అన్నట్టుగా.

ఖాదర్ ఇంటికి వచ్చాక కూడా ఆ మాట మనసులోంచి పోలేదు. మరుసటేడు, అంటే అరవై రెండులో, మద్రాసులో పాత కెమెరాలు అమ్మే కొట్టులో చిన్న సినిమా కెమెరా కనబడితే కొనుక్కొచ్చాడు. గడియారానికిచ్చినట్టు దానికి కీ ఇవ్వాలి. ఇచ్చిన కీ అర నిమిషం కూడా నిలవదు, మళ్ళీ ఇవ్వాలి. బొమ్మ ఒక్కటే పడుతుంది, శబ్దం పట్టదు.

నూర్జాన్ దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. "దీంతో ఎవరిని తీస్తారు?"

"ఇంకా అనుకోలేదు."

"అనుకున్నాక కొనేది గదా," అని నవ్వి, దుమ్ము పడకుండా కప్పిపెట్టడానికి తన పాత చీర ముక్క ఒకటి ఇచ్చింది.

ఆ వేసవి మొదట్లోనే జయరామయ్య అనే రైతు స్టూడియోకి వచ్చాడు. చిట్టమూరుకు తూర్పున, ఉప్పుటేటి గట్టున ఉన్న కట్టవపాళెం ఆయనది. పంచాయతీ ప్రెసిడెంటు. ఆఫీసు గోడకు తగిలించడానికి ఫొటో కావాలన్నాడు. ఖాదర్ అలవాటు చొప్పున మాటల్లో పెట్టాడు.

"మీ ఊళ్ళో చూడదగ్గదేముందన్నా?"

"ఏముంటాది సాయిబూ. ఒకపక్క వరి, ఒకపక్క ఉప్పుటేరు. నడుమ మట్టికట్ట. ఆ కట్ట ఉంటేనే మేం ఉంటాం."

అక్కడినుంచి ఆయన ఆగలేదు. ఆ కట్ట సర్కారుది కాదు, తాతలనాడు ఊరివాళ్ళే వేసుకున్నది. సముద్రం పోటు మీదున్నప్పుడు ఉప్పునీళ్ళు పొలాల మీదికి రాకుండా కాచేది అదే. మూడేళ్ళ కింద కార్తీకంలో తుఫాను వచ్చి కట్టకు గండి పడింది. ఉప్పు తగిలి పైరు మాడిపోయింది. ఊరంతా ఒక్కటై గండి పూడ్చుకుంది. ఇప్పటికీ ఎండాకాలం వస్తే ఇంటికొకరు వచ్చి కట్టమీద మట్టి పోస్తారు.

ఖాదర్‌కి ఫొటో సంగతే గుర్తులేదు. "ఈ ఏడు మట్టి ఎప్పుడు పోస్తారన్నా? నేనొస్తాను, సినిమా తీస్తాను," అన్నాడు.

జయరామయ్య ఆశ్చర్యపోయి, తర్వాత సంతోషపడ్డాడు. "రా. మా ఇంట్లోనే ఉందువు."

అలా ఖాదర్ కెమెరాతో కట్టవపాళెం చేరాడు. జయరామయ్య ఇల్లు ఊరికి ఎగువన. వసారాలో మంచం వేయించారు. జయరామయ్య భార్య వెంకటశేషమ్మ పొద్దునే రాగిసంగటి, చింతకాయ పచ్చడి పెట్టి, "ఎండలో తిరగతావు, ఇంకొంచెం తిను నాయనా," అనేది. కూలి చేసుకునేవాళ్ళంతా కట్టకు దగ్గరగా, పల్లంలో ఉన్న దిగువపాళెంలో ఉండేవాళ్ళు. కట్టమీద మట్టి మోసేవాళ్ళలో ఎక్కువమంది అక్కడి ఆడవాళ్ళే.

ఖాదర్ దగ్గర కథ ముందే తయారుగా ఉంది. తుఫాను కట్ట తెంచింది, ఒక పెద్దమనిషి ఊరిని కూడగట్టాడు, ఊరు గెలిచింది. ఆ కథకు సరిపోయేట్టు జయరామయ్యను కట్టమీద నిలబెట్టి, సముద్రం వైపు చెయ్యి చాపమన్నాడు. జయరామయ్య ఇస్త్రీ చొక్కా వేసుకుని అట్లాగే చాపాడు. తట్టలెత్తుకుని వరసగా వచ్చే ఆడవాళ్ళను దూరంనుంచి, ఆకాశం మీదికి కనపడేట్టు తీశాడు. వాళ్ళ తట్టలు, మోచేతులు, కాళ్ళు అందంగా వచ్చాయి. ముఖాలు నీడలో పడ్డాయి. ఆ వరసలో ముందు నడిచే మాలకొండమ్మ అనే పెద్దావిడ కెమెరా దగ్గర ఆగి, "మమ్మల్నేమీ అడగవా నాయనా?" అంది. ఖాదర్ నవ్వి, "ఇది మాట పట్టదక్కా, బొమ్మే," అన్నాడు. ఆమె తల పంకించి వెళ్ళిపోయింది.

తీసిన రీళ్ళు బొంబాయికి పంపితే కడిగి తిరిగి పంపారు. ఖాదర్, నూర్జాన్ వెనక గదిలో కూర్చుని ముక్కలు కత్తిరించి అతికించారు. నెల్లూరు మిషను బళ్ళో పాఠాలు చెప్పే హెబ్రోను అయ్యవారి దగ్గర ఒక చిన్న ప్రొజెక్టరు, జనరేటరు ఉండేవి. సినిమాలంటే ఆయనకు ప్రాణం. అడగ్గానే రెంటినీ బండికెత్తించుకుని తానూ బయల్దేరాడు. వానలు పడకముందే ఒక సాయంత్రం, చీకటి పడీపడగానే కట్టవపాళెం బడి గోడకు పంచె కట్టారు. ఎగువ నుంచీ దిగువ నుంచీ ఊరంతా వచ్చింది.

మొదటి బొమ్మ పడగానే గోల. "అది మా బర్రె," అని ఒకరు. "నా నడక అట్టుంటదా?" అని ఒకరు. నవ్వులతో సగం బొమ్మ గడిచిపోయింది. అయిపోయాక మళ్ళీ వేయమన్నారు. హెబ్రోను వేశాడు. రెండోసారి నవ్వులు తగ్గాయి, జనం శ్రద్ధగా చూశారు. పంచె మీద వెలుగు ఆగిపోయాక దిగువపాళెం వాళ్ళు కూర్చున్న వైపునుంచి మాలకొండమ్మ లేచింది.

"బాగుంది నాయనా. కట్ట బాగుంది, ఏరు బాగుంది. ఒక్క మాట అడగతా. జయరామయ్య చెయ్యి చాపతా ఉండాడు గదా, దేనికి?"

ఖాదర్ తడబడ్డాడు. "గండి పడింది అక్కడేనని చూపిస్తున్నట్టక్కా."

"గండి పడలేదు, కొట్టినాం," అంది మాలకొండమ్మ.

ఎగువవాళ్ళు నేల చూపులు చూశారు. దిగువపాళెం మగవాళ్ళలో ఒకడు, "ఇప్పుడెందుకులే అత్తా," అని గొణిగాడు. ఆమె కూర్చోలేదు.

"తుఫాను కొట్టింది పడమట. చెరువులు తెగి నీళ్ళన్నీ మా మీదికొచ్చినాయి. కట్ట అడ్డం ఉంటే ఏట్లోకి పోయే దారేది? మా కొంపలు చూరులదాకా మునిగినాయి. ముసలోళ్ళనీ పిల్లోళ్ళనీ కప్పుల మీదికెక్కించి, నేనూ ఇంకో నలుగురు ఆడోళ్ళూ పారలు తీసుకుని కట్టెక్కినాం. తుఫాను తెంచిందని బొమ్మలో చూపిస్తే, మేం ఆ పొద్దు లేనట్టే గదా నాయనా."

జయరామయ్య కుర్చీలోంచి లేచి, ఇంటిదారి పట్టాడు. హెబ్రోను నిదానంగా రీలు చుట్టుకున్నాడు. జనం గుసగుసలాడుకుంటూ చెదిరిపోయారు.

ఖాదర్‌కి ఆ రాత్రి సరిగా నిద్ర పట్టలేదు. అన్నం పెట్టిన ఇంటి పెద్ద పరువు తీశానా అని ఒక బాధ. కళ్ళెదుట మనుషులుండగా అడగకుండా కథ అల్లుకున్నానే అని ఇంకో బాధ. పొద్దున సంచి సర్దుకుని, చెప్పి వెళ్దామని జయరామయ్య కోసం చూశాడు. ఆయన దొడ్లో ఎద్దులకు గడ్డి వేస్తున్నాడు.

"పోతున్నానన్నా. ఆ రీళ్ళు ఎవరికీ చూపించనులే," అన్నాడు ఖాదర్.

జయరామయ్య వెనక్కి తిరగలేదు. "ఆమె చెప్పింది నిజమే," అన్నాడు. "నేను కర్ర తీసుకునిపోయినా. మాట్లాడరాని మాటలు మాట్లాడినా. కట్టకానుకుని ఉండేది నా చేనే సాయిబూ. పాలు పోసుకునే పైరు. కట్ట కొడితే వాన నీళ్ళు పోతాయి, పోటుకు ఉప్పునీళ్ళు ఎక్కుతాయి. నాకు నా పైరే కనపడింది."

"మరి ఎట్లా ఊరుకున్నారు?"

"కట్టమీదికెక్కి చూస్తే దిగువపాళెంలో కప్పులు తప్ప ఏమీ లేవు. కప్పుల మీద మనుషులు. ఆ పక్కకు ఎప్పుడూ తిరిగి చూసినోణ్ణి కాదు నేను." గడ్డిమోపు కింద పెట్టాడు. "కట్టమీద అట్నే కూర్చున్నా. వాళ్ళు కొడతానే ఉండారు. చూస్తే, కొట్టేది మెరక మీద. అక్కడ ఎంత కొట్టినా నీళ్ళు లాగవు. ఇక్కడ గాదమ్మా, నీళ్ళు ఏట్లోకి దిగే పల్లం, మొగ దగ్గర కొట్టండి అని చెప్పినా. అక్కడ కొట్టినారు. సాయంత్రానికి పాళెం తేలింది."

వంటింటి గడపలో నిలబడి వింటున్న వెంకటశేషమ్మ మాట కలిపింది. "తాసిల్దారు వచ్చి అడిగితే గండి పడిందని చెప్పినాడు. కొట్టినారంటే వాళ్ళమీద కేసు పెడతారేమోనని. ఆ మాట దిగువోళ్ళకు నేనన్నా చెబుతానంటే చెప్పనీలేదు. చెబితే కర్ర సంగతి కూడా వస్తుందని భయం."

ఖాదర్ సంచి కింద పెట్టాడు. "అన్నా, ఈ మాట నాతో గాదు, ఆమెతో చెప్పండి."

జయరామయ్య చెయ్యి కడుక్కుని, చెప్పులేసుకుని దిగువపాళెం వైపు నడిచాడు. వెనకాల వెంకటశేషమ్మ, ఖాదర్, హెబ్రోను. మాలకొండమ్మ ఇంటిముందు చేపలు ఎండబెడుతోంది. ప్రెసిడెంటు తన వాకిట్లోకి రావడం ఆమె ఎప్పుడూ చూడలేదు. లేచి నిలబడి చేతులు కొంగుకు తుడుచుకుంది.

జయరామయ్య దొడ్లో చెప్పినంత వివరంగా చెప్పలేకపోయాడు. "మీ మీదికి ఎవరూ రాకుండా తాసిల్దారుతో అట్ట చెప్పినా. పేరు కోసం గాదు," అన్నాడు.

మాలకొండమ్మ ఆయన్ని తేరిపార చూసింది. "మూడేళ్ళు నీకెందుకయ్యా ఈ బరువు? ఆ పొద్దే చెప్పుంటే నేనూ నిన్ను తిట్టుకోకుండా ఉందును గదా."

"తిట్టుకున్నావా?"

"దినామూ. మట్టి మోసినప్పుడల్లా."

వెంకటశేషమ్మకు నవ్వొచ్చింది. ఆమె నవ్వితే మాలకొండమ్మ నవ్వింది. జయరామయ్య మెడ రుద్దుకుంటూ అరుగు మీద కూర్చున్నాడు. చుట్టుపక్కల ఇళ్ళవాళ్ళు మెల్లగా మూగారు. "మొగ దగ్గర కొట్టమన్నది నువ్వేనని చెప్పాల్సింది నేను," అంది మాలకొండమ్మ. "రాత్రి కోపంలో అది చెప్పలా. ఆ మాట లేకుంటే చీకటి పడేదాకా మెరక మీదే కొడతా ఉందుము."

ఖాదర్ అప్పుడు అడిగాడు. "ఈ కథ ఇట్లాగే తీస్తే మీకందరికీ ఇష్టమేనా? ఎవరైనా వచ్చి అడుగుతారేమోనని భయముంటే మానేద్దాం."

ఒకరిద్దరు వద్దన్నారు. కట్ట ఊరిదే గదా, ఎవరడుగుతారని ఇంకొకరన్నారు. కాసేపు వాదించుకున్నారు. చివరికి మాలకొండమ్మ, "కొంపలు మునిగితే కొట్టుకున్నాం. ఎవరొచ్చినా అదే చెబతాం. పిల్లోళ్ళకన్నా తెలియాల," అంది. జయరామయ్య, "నా కర్ర కూడా చూపించు సాయిబూ," అన్నాడు.

ఆ వానాకాలంలో దిగువపాళెంలో నీళ్ళు నిలిచినప్పుడు ఖాదర్ ఒక్కడే వచ్చి ఆ బొమ్మ తీసుకుపోయాడు. సంక్రాంతి కోతలైపోయి నేల ఆరాక మళ్ళీ వచ్చాడు. ఈసారి నూర్జాన్ కూడా వచ్చింది. కట్ట పొడుగునా ఎలాగూ తవ్వి మట్టి మార్చవలసిన చోటొకటి ఉంటే, ఆనాటి పని అక్కడ మళ్ళీ చేసి చూపిద్దామన్నారు. ఎవరి పాత్ర వాళ్ళదే. ఆనాడు పారలు పట్టిన ఐదుగురు ఆడవాళ్ళూ వచ్చారు. పేరమ్మ అనే ఆమె కొత్త చీర కట్టుకుని తలలో పూలు పెట్టుకుని వస్తే, మాలకొండమ్మ, "తుఫానులో పూలు పెట్టుకుని కొట్టినామా మే?" అంది. పేరమ్మ, "ఆ పొద్దు కట్టుకున్న కోక ఏట్లో కొట్టుకపోయింది. ఇప్పుడన్నా మంచిది కట్టుకోనీ," అంది. అందరూ ఆలోచించి, ఆమె చీర ఉండనిద్దాంలెమ్మన్నారు.

తంటా అంతా జయరామయ్యతో వచ్చింది. కర్ర తీసుకుని రమ్మంటే పెళ్ళికి పిలవడానికి వచ్చినట్టు వచ్చాడు. ఖాదర్ రెండుసార్లు కీ ఇచ్చి తీశాడు. మాలకొండమ్మ పార కింద పెట్టేసింది.

"అయ్యా, ఆ పొద్దు ఇంత నెమ్మదిగా వచ్చినావా?"

"నాకు కోపం రావడంలే మాలకొండమ్మా."

"నేను తెప్పిస్తా ఉండు." ఆమె గబగబా నాలుగడుగులు వేసి, కోతల తర్వాత ఎరువుకని ఆయన చేలో చల్లిన పచ్చి జీలుగ మొక్కను ఒకదాన్ని పట్టి పీకి అవతల పడేసింది.

"ఏయ్, పైరు మీద చెయ్యేస్తావా?" అని జయరామయ్య కర్ర ఎత్తి ఉరికాడు. ఖాదర్ కీ ఇచ్చే ఉంచుకున్నాడు. మొత్తం పడింది. కర్ర ఎత్తినవాడు ఎత్తినట్టే ఆగి, కప్పుల వైపు తిరిగి, మెల్లగా కర్ర దించేవరకూ. ఆ చివరి సంగతి ఎవరూ చెయ్యమనలేదు. ఆయన కట్టమీద కూర్చున్నాడు. కట్టమీద ఉన్నవాళ్ళెవరూ నవ్వలేదు. పేరమ్మ వచ్చి ఆయన చేతిలో నీళ్ళ చెంబు పెట్టింది.

ఈసారి తట్టల వరసను ఖాదర్ దగ్గరనుంచి తీశాడు. ఒక్కొక్కరి ముఖం ముందు ఆగి, పేరు అడిగి, తర్వాత తీశాడు. నూర్జాన్ ఇళ్ళలో కూర్చుని ఆడవాళ్ళు చెప్పింది విన్నది. తుఫాను తర్వాత ఎగువ వీధి ఇళ్ళలో వంటలు వండి దిగువకు మోసుకొచ్చిన సంగతి, గండి పూడ్చేటప్పుడు వెంకటశేషమ్మ కూడా తట్ట పట్టిన సంగతి అలా బయటికొచ్చాయి. మగవాళ్ళెవరూ అవి చెప్పలేదు. వాటినీ తీశారు. వెంకటశేషమ్మ కెమెరా ముందు సిగ్గుపడి, మట్టి తట్టను పూజ తట్టలా పట్టుకుంది. అదీ అలాగే ఉంచారు.

నెల్లూరులో రీళ్ళు అతికించేటప్పుడు నూర్జాన్ అడిగింది. "ఇది చూసేవాళ్ళకు అర్థం కావాలంటే ఎవరో ఒకరు చెప్పాలి గదా. మాటలెవరు చెబుతారు?"

"హెబ్రోను అయ్యవారు బాగా చదువుతారు. రాసిస్తే చదివేస్తారు."

"ఆయన గండి కొట్టినారా?"

ఖాదర్ నవ్వాడు. ఆ వారమే కట్టవపాళెం వెళ్ళి మాలకొండమ్మను అడిగాడు. "బొమ్మ పక్కన నిలబడి నువ్వు చెప్పాలక్కా."

"నాకు సభల్లో మాట్లాడను రాదు నాయనా."

"ఆ రాత్రి బడి దగ్గర మాట్లాడావే."

"అది కోపం."

"కోపం లేకుండా చెప్పు."

మొదటి ప్రదర్శన మళ్ళీ ఆ బడి గోడ దగ్గరే. మాలకొండమ్మ పంచె పక్కన కొంగు బిగించి నిలబడింది. వానాకాలంలో తీసిన, నీళ్ళ నడుమ కప్పుల బొమ్మ రాగానే ఆమె చేత్తో చూపిస్తూ అందుకుంది. "అదిగో, ఆ చివరి కొంప మాది. కప్పు మీద మా అత్త. దిగమంటే దిగనంటాది." అంతే, ఆ తర్వాత ఆగలేదు. కర్ర బొమ్మ దగ్గరికి వచ్చేసరికి, జనంలోంచి జయరామయ్య, "నన్ను ఎక్కువ తిట్టబాక," అన్నాడు. "తిట్టింది నువ్వే గదయ్యా, నువ్వే చెప్పు," అందామె. ఆయన లేచి, తన మాట తానే చెప్పాడు. ఎగువా దిగువా కలిసి నవ్వుకున్నారు. ఆనాటినుంచి ఆ చోట ఆయన లేచి చెప్పడం వాడుకైపోయింది. ఊరు దాటి ఎక్కడ వేసినా ఇద్దరూ కలిసే పోవలసి వచ్చింది.

చిట్టమూరులో వేశారు. వెంకటాచలంలో వేశారు. సంత రోజు సాయంత్రాలు, తిరణాళ్ళలో, బళ్ళలో, ఎక్కడ పంచె కట్టడానికి గోడ దొరికితే అక్కడ. మాలకొండమ్మ ఒక్కోచోట ఒక్కోలా చెప్పేది. పొలాలవాళ్ళ ఊళ్ళో పైరు పోయిన బాధ ఎక్కువ చెప్పేది. ఏటి పక్క ఊళ్ళలో నీళ్ళ లాగుడు సంగతి ఎక్కువ చెప్పేది. పేరమ్మ కూడా కొన్నిసార్లు వెంట వచ్చి, "మొదటి పార వేసింది నేను, అది చెప్పదీమె," అని అడ్డం తగిలేది. అవునో కాదో ఎవరూ తేల్చలేదు.

ఒకసారి నెల్లూరులో ఎగ్జిబిషన్ పెట్టినప్పుడు, దాన్ని నడిపే కమిటీలోని పెద్దమనిషి ఒకాయన బొమ్మ చూసి మెచ్చుకున్నాడు. కట్ట కొట్టిన ముక్క తీసేసి, చదువుకున్నవాళ్ళెవరిచేతనైనా మాటలు చెప్పిస్తే నెలంతా వేసుకుంటామన్నాడు. చెడ్డ ఉద్దేశంతో అన్నది కాదు. జనం గొడవలు చూడటానికి రారని ఆయన నమ్మకం. ఖాదర్ తనంత తాను జవాబు చెప్పలేదు. కట్టవపాళెం వెళ్ళి అందరినీ కూర్చోబెట్టి అడిగాడు.

"నెల్లూరోళ్ళు చూస్తే మంచిదే," అన్నాడు జయరామయ్య. "కానీ నేను మళ్ళా చెయ్యి చాపి నిలబడలేను సాయిబూ. ఆ చొక్కా కూడా చినిగిపోయింది."

మాలకొండమ్మ, "ఆ ముక్క తీసేస్తే ఇంకేముంటాది, బర్రె ఉంటాది," అంది.

ఎగ్జిబిషన్‌లో వేయలేదు. కమిటీ పెద్దమనిషి ఏమీ అనుకోలేదు. పిల్లలను వెంటబెట్టుకుని వెంకటాచలం సంతకు వచ్చి, నేలమీద కూర్చుని చూసిపోయాడు.

అరవై నాలుగు వేసవిలో కొడవలూరు నుంచి కబురు వచ్చింది. అక్కడి రైతులు నెల్లూరుకు రెండు బళ్ళు కట్టి పంపి, ఖాదర్ దంపతులనూ హెబ్రోనునూ కట్టవపాళెం వాళ్ళనూ తీసుకుపోయారు. చీకటి పడగానే బొమ్మ వేశారు. మాలకొండమ్మ చెప్పింది, జయరామయ్య తన మాట చెప్పాడు. అయిపోయాక జనం లేవలేదు. వెనక వరసలోంచి కామాక్షమ్మ అనే ఆమె లేచి, తమ ఊరి కాలువ నీళ్ళు కింది చేలకు చేరేవి కావనీ, వంతుల కోసం కొట్టుకున్న రెండు వీధులవాళ్ళు ఎలా కలిశారో తాను చెబుతాననీ అంది. ఆమె మొదలుపెట్టీ పెట్టగానే ఇంకొకాయన, "అది గాదు, మొదట్నించీ చెప్పు," అన్నాడు. ఇద్దరి మధ్యలోంచి మూడో మనిషి లేచాడు.

హెబ్రోను జనరేటరు ఆపేసి లాంతరు వెలిగించాడు. జయరామయ్య బండి వైపు చూస్తూ, "పోదామా, ఎద్దులు నిలబడుండాయి," అన్నాడు.

"ఎద్దుల్ని ఇప్పమను," అంది మాలకొండమ్మ, పంచె కింద పరిచిన చాప మీద చతికిలబడుతూ. "మనది అంతా విన్నారు గదయ్యా వీళ్ళు."

జయరామయ్య వెళ్ళి ఎద్దుల్ని ఇప్పించి వచ్చి, ఆమె పక్కన చోటు చేసుకుని కూర్చున్నాడు. ఎవరో మజ్జిగ తెచ్చి ఇచ్చారు. నూర్జాన్ కామాక్షమ్మను ముందుకు రమ్మని పిలిచింది. ఖాదర్ కెమెరా జోలికి పోలేదు. కాలువ ఎక్కడ మొదలవుతుందో, కింది చేలు ఎవరివో అడుగుతూ, అర్థంకాని చోట మళ్ళీ చెప్పించుకుంటూ విన్నాడు. కోతలు కాగానే వస్తానని కొడవలూరు వాళ్ళకు మాట ఇచ్చాడు. అన్నట్టే వెళ్ళాడు.